నల్లొర్రె గోడలో గొంతు

రామగుండం వెళ్ళొచ్చానంటే మా బేతంచెర్లలో ఎవరూ మెచ్చుకోలేదు. "అక్కడేముంది, బొగ్గు తప్ప?" అన్నారు. మా వదిన అయితే, "సెలవు పెట్టి తిరుపతికి పోతారు, ఊటీకి పోతారు. బొగ్గు గనులకు పోయేదాన్ని నిన్నే చూస్తున్నా" అని దెప్పింది. నేను చూడ్డానికి వెళ్ళలేదు, వినడానికి వెళ్ళాను. వినకుండానే తిరిగొచ్చాను. వెళ్ళనివాళ్ళ కోసం ఇది రాస్తున్నాను గానీ, రాస్తున్నంతసేపూ నాకే మనసు బాగాలేదు. ముందే చెప్పేస్తున్నాను.

సప్పుడుకట్టు వాళ్ళ పేరు మీలో కొందరైనా వినే ఉంటారు. సున్నం, సిమెంటు లేకుండా గొంతుతో రాళ్ళను కూర్చోబెట్టి గోడ కట్టేవాళ్ళు. ఆ కట్టులో ఎవరున్నారో, అవసరం పడితే తప్ప, పక్కింటివాళ్ళకు కూడా తెలియనివ్వరు. నేను పుట్టి పెరిగింది నాపరాళ్ళ మధ్య. మా ఊళ్ళో రాయంటే కోత మిషను, దాని కీచు అరుపు, పనివాళ్ళ చెవుల్లో దూది. రాయిని బతిమాలి నిలబెట్టే మనుషులు ఎక్కడో ఉన్నారని మా నాన్న చెబితే చిన్నప్పుడు నవ్వేదాన్ని. నవ్వాను గానీ మరిచిపోలేదు.

ఆ సంగతి పద్మకు తెలుసు. పద్మ సొంతూరు మంథని, ఉద్యోగం గోదావరిఖనిలో. ఇద్దరం టీచర్లమే, ఎప్పుడో ఒక ట్రైనింగులో ఒకే గదిలో ఉన్నాం. మొన్న ఫోన్ చేసి, "అక్కా, మా ఎన్క ఇంటి లచ్చవ్వకు ఒక కొత్త చెవి కావాలెనట. సప్పుడుకట్టోళ్ళ పని. జల్ది వస్తవా?" అంది. కొత్త చెవి అంటే ఏమిటో నాకు అర్థం కాలేదు. అయినా వస్తానన్నాను.

రామగుండం: నల్ల దుమ్ము

స్టేషన్ బయటికి రాగానే కనిపించేవి పొగ గొట్టాలే. మా దగ్గర దుమ్ము తెల్లది, ఇంటికొచ్చేసరికి జుట్టు నెరిసినట్టుంటుంది. ఇక్కడ దుమ్ము నల్లది. రెండు రోజులుంటే వయసు తగ్గేలా ఉందే అన్నాను ఆటో అతనితో. "అయితే ఈడనే ఉండు అక్కా, రంగు ఖర్చు మిగుల్తది" అన్నాడు వెనక్కి తిరక్కుండానే. టార్పాలిన్ కప్పిన బొగ్గు లారీలు ఆటోను ఒరుసుకుంటూ పోతుంటే నేను ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని కూర్చున్నాను. అతనికి మాత్రం అదేం పట్టలేదు.

పద్మ ఇంట్లో మధ్యాహ్నం భోజనానికి కూర్చున్నాం. పచ్చి పులుసు, పప్పు, వేయించిన మిరపకాయలు. దూరంగా సైరన్ మోగింది. తర్వాత కాసేపటికి కిటికీలు దడదడలాడాయి, కాళ్ళ కింద నేల ఒక్కసారి ఎగిసినట్టయింది. నేను కంచంతో సహా లేచి నిలబడ్డాను. పచ్చి పులుసంతా మీగడ రంగు చీర మీద పడింది.

"బ్లాస్టింగ్ అక్కా" అని పద్మ నవ్వు ఆపుకోలేకపోయింది. "ఓపెన్‌కాస్ట్‌ల రోజూ గిట్లనే. మాకు గడియారం అక్కర్లే."

భూకంపాన్ని గడియారంగా వాడుకునే ఊరిని నేనెక్కడా చూడలేదు. చీర ఉతికాం గానీ మరక పోలేదు.

గోదావరిఖని: లచ్చవ్వ సర్వపిండి

లచ్చవ్వ సన్నగా, నిటారుగా ఉండే మనిషి. అరవై దాటి ఉంటాయి. నేను వెళ్ళేసరికి సర్వపిండి చేస్తోంది. బియ్యప్పిండిలో పల్లీలు, నువ్వులు, ఉల్లి ఆకు కలిపి, గిన్నె లోపల అద్ది, వేలితో చిల్లులు పెట్టి, నూనె పోసి కాలుస్తారు. ఉగ్గాని బజ్జీ తిని పెరిగిన నోటిని మెప్పించడం తేలిక కాదు. నేను మాత్రం సిగ్గు విడిచి మూడోది అడిగాను.

ఆమె ఊరు నల్లొర్రె. ఊరంతా ఓపెన్‌కాస్ట్ కిందికి, అంటే నేలను పైనుంచి తవ్వుకుపోయే గని కిందికి పోయింది. జనం ఎప్పుడో లేచిపోయి కాలనీల్లో సర్దుకున్నారు. ఊరి మొగదల, షిఫ్టు బస్సు కోసం కార్మికులు నిలబడే రాతి షెడ్డు ఒక్కటి మిగిలింది. అది కట్టింది ఆమె భర్త రాజయ్య, ఆయన జోడీ ఓదెలు. ఇద్దరూ బాయిలో డ్యూటీ చేసేవాళ్ళు. ఇక్కడ గనిని బాయి అంటారు. సెలవు దొరికితే సప్పుడుకట్టు పని. రాజయ్య పోయి కొన్నేళ్ళయింది. ఇప్పుడు గని ఆ షెడ్డు దాకా వచ్చింది. ఎల్లుండి మధ్యాహ్నం షెడ్డు తీసేస్తారని కబురొచ్చింది.

"గోడ లేపినంక ఆఖరి రాయి సందుల నోరు పెట్టి గొంతిస్తరు బిడ్డా" అంది లచ్చవ్వ, పొయ్యి మంట తగ్గిస్తూ. "గది గోడల ఉంటది. ఆ షెడ్డుల మా ఆయన గొంతున్నది. గోడ తియ్యాల్నంటే మళ్ళ గదే సప్పుడుతోని పిలువాలె. పిలిస్తే, గోడ ఆ మనిషి గొంతును ఒక్కపారి బయిటికి ఇడుస్తది. ఇగ రాళ్ళు ఊకెనే ఊడొస్తయి."

"పిలవకుండా కూలగొడితే?"

"గొంతు మట్టిల కలుస్తది. నేను పోయిననాడు ఆయన పైలోకంల నిలవడి నన్ను పిలువలేడు. మూగోని లెక్క సూస్తడు." పొయ్యి ఆర్పి, "ఇడిపిస్తే ఆయన గొంతు ఒక్కపారన్న ఇంట గద" అంది.

ఇవి నమ్మాలా వద్దా అని మీరు నన్నడగొద్దు. ఆమె చెబుతుంటే నాకు ఆ ప్రశ్నే రాలేదు.

ఆ సప్పుడు మీకు తెలుసా అని అడిగాను. "ఇంటోళ్ళకు చెప్పరు. జోడీకే చెప్తరు" అంది. ఎందుకంటే, మనసాగక ఇంటివాళ్ళే వెళ్ళి విడిపించుకుంటారట. వెనకటికి ఒకామె, పోయిన కొడుకు గొంతు వినాలని ధాన్యం కొట్టు గోడ దగ్గర నిలబడి పిలిచిందట. గోడ వచ్చి ఆమె మీదే పడింది. అప్పటి నుంచి ఈ కట్టడి. భార్యకు చెప్పాడని తెలిస్తే ఆ మనిషి పేరు కట్టులో ఇక ఎవరూ తలవరు.

"మరి నేనెందుకు?"

"ఆయనను ఎరిగినోళ్ళకు గాలి సప్పుడు గూడ ఆయన లెక్కనే ఇనవడ్తది బిడ్డా. ఎరుగనోళ్ళు ఒకరుండాలె. నిజంగ ఇనవడ్డదా లేదా, గంతే, ఒక్క మాట చెప్పాలె."

అదీ కొత్త చెవి. బడిలో పాతికేళ్ళుగా పిల్లల గొడవల్లో సాక్ష్యాలు అడిగి శిక్షలు వేసేది నేనే గానీ, అంత సూటిగా సాక్ష్యం చెప్పమని నన్ను ఎవరూ అడగలేదు. ఒప్పుకున్నాను.

గోదావరి దాటి, శ్రీరాంపూర్

మర్నాడు నేనూ లచ్చవ్వా ఓదెలును తీసుకురావడానికి బయల్దేరాం. బ్రిడ్జి మీద బస్సులోని ఆడవాళ్ళంతా కిటికీల్లోంచి గోదావరికి దండం పెట్టి రూపాయి బిళ్ళలు విసిరారు. ఎండకాలం కాబట్టి సగం బిళ్ళలు ఇసుకలో పడ్డాయి. మా తుంగభద్రకూ విసురుతారు గానీ మావాళ్ళు నీళ్ళు చూసి విసురుతారు. మంచిర్యాలలో దిగి మక్క గారెలు తిన్నాం. ప్లేటు ముప్పై రూపాయలు, పచ్చి మిర్చి ఉచితం, అది కొరికాక తాగిన నీళ్ళకు మాత్రం లెక్కలేదు. లచ్చవ్వ నా కళ్ళ నీళ్ళు చూసి మొదటిసారి నవ్వింది.

శ్రీరాంపూర్‌లో ఓదెలు కాక ఎదురొచ్చి మమ్మల్ని లోపలికి తీసుకెళ్ళాడు. బాబాయిని ఇక్కడ కాక అంటారు, నేనూ అలాగే పిలిచాను. ఎందుకో నేను మౌనంగా ఉండే మునిలాంటి మనిషిని ఊహించుకున్నాను. ఈయన భారీ మనిషి, ఇంటి పైకప్పు లేచేలా నవ్వుతాడు. "ఏం వదినె, మా అన్న ఇంటికి పోతవా రేపు?" అని లచ్చవ్వను ఆటపట్టించాడు. "నీకు సోయి లేదు ఓదెలూ" అని ఆమె కసిరింది.

కోడలు భోజనం వడ్డించింది. విడిపించే మనిషి ముందురోజు పెరుగు, పచ్చడి, చింతపండు ముట్టకూడదట. గొంతు పాడవుతుందని. కాక ఒట్టి పప్పన్నం తింటూ నా ఆకులోని మామిడికాయ తొక్కు పచ్చడి వైపు చూస్తూనే ఉన్నాడు. "జర అటు తిరిగి తిను బిడ్డా, పానం గుంజుతున్నది" అన్నాడు. నేను నిజంగానే అటు తిరిగి తిన్నాను.

తర్వాత బాయి కబుర్లు చెప్పాడు. భూమి లోపల కప్పును కర్రతో కొట్టి వింటారట. టంగుమంటే ఫికర్ లేదు, డొల్లగా మోగితే అందరూ ఉరకాలి. రాజయ్య, తానూ అలా వినీ వినీ ఒకరి చెవి మీద ఒకరు బతికామని చెప్పాడు. "ఆయన ఆగుమంటే ఆగేటోన్ని, ఉరుకుమంటే ఉరికేటోన్ని. ఎందుకని ఎన్నడు అడుగలే."

"ఆ సప్పుడు గుర్తుందా కాకా?"

"గుర్తేంది? ఈడ మూతపెట్టి దాసిన" అని ఛాతీ మీద కొట్టుకున్నాడు. "ఆయన నా చెవుల చెప్పిన నాటి సంది ఒక్కపారి గూడ పెదవి మీదికి తేలే."

"ఒకసారి మెల్లగా అనుకుని చూసుకోకూడదా, రేపటికి?"

ఇంట్లో అందరూ నా వైపు తిరిగారు. కోడలు గరిటె కింద పెట్టేసింది. కాక ముఖంలో నవ్వు పోయింది.

"జనం నిలవడే షెడ్డు బిడ్డా అది. నేనీడ కూనిరాగం తీస్తే ఆడ ఎవరి నెత్తిమీదన్న వడితే?"

"ఇంత దూరం నుంచా?"

"సప్పుడుకు దూరమేడిది?"

రోజూ వల్లె వేయని పద్యం ఏమవుతుందో టీచరుకు తెలియదా? అదే అందామనుకున్నాను. కానీ ఆ మనిషి ముఖంలో అంత గర్వం కనిపించింది. సాయంత్రం ముగ్గురం కలిసి గోదావరిఖనికి తిరిగొచ్చాం. దారిలో కాక ఒక్క మాట మాట్లాడలేదు, గొంతు దాచుకోవడానికి.

నల్లొర్రె: షెడ్డు

నల్లొర్రెకు ఇప్పుడు దారి లేదు. మర్నాడు మధ్యాహ్నం మట్టి గుట్టల మధ్య డంపర్లు తిరిగే బాట మీద గనివాళ్ళే జీపులో తీసుకెళ్ళారు. ఆ గుట్టలు గని లోంచి తీసిన మట్టే. వాటి మీద గడ్డి, తుమ్మ చెట్లు మొలిచి నిజం కొండల్లాగే ఉన్నాయి. లచ్చవ్వ వేలు పెట్టి చూపిస్తూ వచ్చింది: ఇది మా ఇల్లుండె, ఇది బడి, ఈడ పోచమ్మ. ఆమె వేలు చూపిన చోటల్లా గాలే ఉంది, కింద లోతుగా గుంత ఉంది.

షెడ్డు గుంత అంచుకు కాస్త ఇవతల నిలబడి ఉంది. మూడు గోడలు, పైన రాతి పలకలు. ఇటుక రంగు ఇసుకరాయి. రాయికీ రాయికీ మధ్య నా గోరు కూడా దిగలేదు. మా ఊళ్ళో లక్షల ఖరీదు చేసే మిషను కోసినా ఇంత నునుపు రాదు. రోజూ ఆ బ్లాస్టింగులకు కాలనీల్లో గోడలు బీటలిస్తాయని పద్మ ముందే చెప్పింది. దీనికి ఒక గీత కూడా లేదు. నేను చెయ్యి పెట్టి చూసి, ఎందుకో చెప్పులు విడిచి నిలబడ్డాను.

డోజర్ ఆపరేటర్ నడివయసు మనిషి. మమ్మల్ని చూసి ఇంజన్ ఆపి కిందికి దిగాడు. "మా నాయిన ఈ షెడ్డు కిందనే బస్సెక్కెటోడు అవ్వా" అన్నాడు లచ్చవ్వతో. "మీ పని కానియ్యుండ్రి. బువ్వ టైం అయిపోయిన సైరన్ మోగెదాంక నేను ముట్ట. దాని తర్వాత నా చేతుల ఉండదు." డంపర్లు కూడా భోజనాలకు ఆగాయి. మొత్తం గని ఒక్కసారి నిశ్శబ్దమయింది. ఈ ప్రాంతానికి వచ్చాక నాకు పిచ్చుక అరుపు వినిపించింది అప్పుడే.

ఓదెలు కాక ఆఖరి రాయిని వెతుక్కున్నాడు. ఎడమ గోడలో మనిషి ఎత్తున ఉంది. తువ్వాల తీసి భుజం మీద వేసుకుని, పెదవులు సందుకు ఆనించి, కళ్ళు మూసుకుని సప్పుడు చేశాడు. బొంగురుగా, పొడుగ్గా, ఛాతీ లోపలి నుంచి వచ్చింది. తర్వాత నిశ్శబ్దం.

"ఇనవడ్డదా బిడ్డా?"

ఇద్దరూ నన్నే చూస్తున్నారు. నేను ఏమీ వినలేదు. లేదన్నాను.

"జర ఎక్కువైనట్టుంది" అని కాక మళ్ళీ పట్టాడు, కొంచెం కింది శ్రుతిలో. గోడ పలకలేదు. ఇంకా కిందికి. పైకి. గొంతు మారిపోయింది, వయసు మీద పడింది, అప్పటి గొంతు అలాగే ఉంటుందనుకున్నాడు పాపం. మంచినీళ్ళు తాగి మళ్ళీ పట్టాడు. ప్రతిసారీ ఆగి నా వైపు చూసేవాడు. ప్రతిసారీ నేను తల అడ్డంగా ఊపేదాన్ని. లచ్చవ్వ ఒక చేయి గోడకు ఆనించి, రెండో చేత్తో కొంగు నోటికి గట్టిగా అదిమిపెట్టి నిలబడింది. ఏడుపు ఆపుకుంటోందనుకున్నాను.

అబద్ధం చెబుదామనిపించింది. అవును, వినబడింది, మగ మనిషి గొంతు, అని ఒక్క మాట అంటే ఆ ఇద్దరూ నిమ్మళంగా ఇంటికి పోతారు. ఎవరికీ నష్టం లేదు. నాలుక చివర దాకా వచ్చింది. కానీ కొత్త చెవిని పిలిచింది అందుకు కాదు కదా. నిజం చెప్పినందుకు బాధపడ్డ సందర్భాలు నా జీవితంలో ఎక్కువ లేవు. ఇది మాత్రం ఇప్పటికీ బాధపెడుతోంది.

సైరన్ మోగింది. కాక గొంతు అప్పటికే జీరబోయింది. అయినా సైరన్ మోగుతుండగానే ఇంకోసారి పట్టాడు, అది అతనికే వినిపించలేదు. లచ్చవ్వ వెళ్ళి భుజం మీద చేయి వేసి, "సాలు ఓదెలూ. దా" అంది.

మేము జీపు దగ్గర నిలబడి చూశాం. డోజర్ మొదట ఊరికే తాకింది, గోడ కదల్లేదు. ఆపరేటర్ వెనక్కి తీసుకెళ్ళి మళ్ళీ వచ్చాడు. నాలుగైదు సార్లు కొట్టాల్సి వచ్చింది. నేను చెవులు రిక్కించుకుని నిలబడ్డాను, కూలేటప్పుడైనా ఏదైనా వస్తుందేమోనని. మామూలు రాళ్ళు పడ్డట్టే పడ్డాయి. ఆపరేటర్ దిగొచ్చి లచ్చవ్వకు చేతులు జోడించాడు. ఆమె, "నీదేమున్నది కొడుకా" అంది.

చౌరస్తా: చాయ్

గోదావరిఖని చౌరస్తాలో దిగి చాయ్ దుకాణం ముందు బల్ల మీద కూర్చున్నాం. షిఫ్టు దిగిన వాళ్ళు నల్లటి ముఖాలతో నిలబడి చాయ్ తాగుతున్నారు. ఒకరి మీద ఒకరు జోకులు వేసుకుంటున్నారు. పది రూపాయల చాయ్‌లో చక్కెర ఇరవై రూపాయలదుంది. కాకకు మిర్చి బజ్జీ ఇప్పించాను, ఇప్పుడిక పథ్యం లేదు కదా అని. ఆయన ముట్టలేదు.

చాయ్ సాసర్‌లో పోసుకుని ఊదుకుంటున్నాడు. మనిషి అక్కడ లేడు, కళ్ళు రోడ్డు మీద ఉన్నాయి. ఊదుతూ ఊదుతూ, తనకే తెలియకుండా, ముక్కుతో ఏదో కూనిరాగం తీశాడు. బొంగురుగా కాదు, పొడుగ్గా కాదు. మామూలుగా, పొద్దున పనికి పోయే మనిషి తీసేలాంటిది.

లచ్చవ్వ గ్లాసు కింద పెట్టింది.

"గదే" అంది.

కాక అర్థం కానట్టు చూశాడు. "ఏంది వదినె?"

"గదే ఆయన సప్పుడు."

సాసర్ లోని చాయ్ ఆయన పంచె మీద ఒలికింది. తుడుచుకోలేదు. "నీకెట్ల ఎరుక? ఆయన చెప్పిండా నీకు?"

"ఒక్క మాట చెప్పలే. నేను అడుగలే." లచ్చవ్వ రోడ్డు వైపు చూస్తూ చెప్పింది. "తానం చేసేటప్పుడు తీసెటోడు. అంగి గుండీలు పెట్టుకునేటప్పుడు తీసెటోడు. తీస్తున్నట్టు ఆయనకు గూడ ఎరుక లేదు, ఆడ షెడ్డుకు ఏమన్న అయిందా? ముప్పై ఏండ్లు పక్కల పండుకున్నదాన్ని, నాకు తెల్వదా ఓదెలూ?"

"మరి ఆడ నోరిప్పకపోతివి? జర మెల్లగ, ఊకెనే అన్నట్టు అనుమంటే అయిపోతుండె గద! గంతసేపు సస్తుంటిని గద నేను!"

"నాకు ఎరుకని తెలిస్తే, ఆయన పెండ్లానికి చెప్పిండని అనరా మీ కట్టోళ్ళు? పోయిన మనిషి మీద మాట వస్తదని నోరు మూసుకున్న."

కాక తల దించుకున్నాడు. "ఒక్కపారి అని సూసుకుంటే అయిపోతుండె" అన్నాడు, నాతో కాదు, ఆమెతోనూ కాదు. "ఒక్కపారి. ఇంట్ల తలుపులు పెట్టుకోని."

ఎవరి తప్పని చెప్పను? ఒకరు ఆ మనిషికిచ్చిన మాట నిలబెట్టారు, ఒకరు ఆ మనిషి మీద మాట రానివ్వలేదు. అందుకే ఆ మనిషిని పోగొట్టుకున్నారు.

లచ్చవ్వ కొంగుతో ఆయన పంచె మీది చాయ్ తుడిచింది. తర్వాత నెమ్మదిగా అడిగింది.

"ఇంకోపారి అను ఓదెలూ."

"అనొచ్చా?" అన్నాడు కాక, భయంగా.

"ఇగ పడేటందుకు గోడేడున్నది? అను."

ఓదెలు కాక నోరు తెరిచాడు. సప్పుడు రాలేదు, ఏడుపొచ్చింది.